ఇగ మన జన్మల రాదు

మంథనిలో మా ఇల్లు అమ్మకానికి పెట్టాం. హైదరాబాద్ వచ్చి మాతో ఉండటానికి బాపుని ఒప్పించడానికి మూడేళ్లు పట్టింది. ఇల్లు చూడటానికి మనుషులు రావడానికి మాత్రం మూడు వారాలు కూడా పట్టలేదు. పోయిన దసరాకి నేను అక్కడున్నప్పుడే ఒక జంట వచ్చారు. అతను గోదావరిఖనిలో పని చేస్తాడు, ఆమె బడిలో టీచరు. ఇల్లంతా తిరిగారు, బావిలోకి తొంగి చూశారు, దర్వాజాలు టేకువేనా అని తట్టి చూశారు. చివరికి గడప దగ్గర చెప్పులేసుకుంటూ ఆమె మామూలుగానే అడిగింది: “అంకుల్, ఇక్కడిదాకా నీళ్లొస్తయా?”

బాపు ఏమాత్రం తడబడలేదు. “ఒక్కసారి వచ్చినయి బిడ్డా, ఇరవై రెండుల. వందేండ్లకొక్కసారి వచ్చే వరద అది. వచ్చింది, పోయింది. ఇగ మన జన్మల రాదు.”

నేను పక్కనే అర్రలోని బీరువాకి ఆనుకుని నిలబడి ఉన్నాను. ఏమీ అనలేదు.

బాపు అబద్ధం ఆడే మనిషి కాదు. నీళ్లు రాలేదని చెప్పలేదు కదా, వచ్చాయనే చెప్పాడు. ఏ సంవత్సరమో కూడా చెప్పాడు. వందేళ్ల సంగతి ఆయన కల్పించిందీ కాదు, టీవీలో విన్నదే, ఊళ్లో అందరూ అనుకునేదే. ఇబ్బంది అంతా నాతోనే. నేను చేసేది ఇన్సూరెన్స్ లెక్కల ఉద్యోగం. ‘వందేళ్లకొకసారి’ అనే మాటకి అర్థమేంటో తెలిసినందుకే నాకు నెలనెలా జీతమొస్తుంది. ఆ అర్థం తెలిసిన మనిషి అక్కడ నేనొక్కడినే. ఒక నిజమైన అంకె ఒక వాక్యంలోకి వచ్చి అబద్ధమైపోతుంటే పక్కన నిలబడి చూస్తూ ఊరుకోవడం ఏ రకం తప్పు? మూడు నెలలుగా నన్ను తినేస్తున్న ప్రశ్న ఇది.

2022 జూలై రెండో వారం గుర్తున్న వాళ్లకి వేరే చెప్పక్కర్లేదు. ఒకవైపు గోదావరి, ఇంకోవైపు బొక్కలవాగు. వాగు నీళ్లు నదిలో కలవాలి, కానీ నదే నిండుగా ఉంటే వాగు ఎక్కడికి పోతుంది? వెనక్కి తిరిగి ఊళ్లోకే వచ్చింది. మా ఇంట్లో నడుము దాకా నీళ్లు. బాపు, అమ్మ ఎదురింటి మేడ మీద రెండు రాత్రులు గడిపారు. నీళ్లు తీశాక మిగిలిన బురద, తడిసిన బియ్యం వాసన, ఉబ్బిపోయిన పెళ్లి ఆల్బం. గోడల మీద నీటి గీత ఒకటి మిగిలింది, స్కేలు పెట్టి గీసినంత తిన్నగా. తర్వాతి ఏడాది పెయింట్ వేయించాం.

ఇక ఆ అంకె సంగతి. వందేళ్ల వరద అంటే వందేళ్లకొకసారి వచ్చే వరద అని కాదు. ఏ సంవత్సరమైనా సరే, ఆ సంవత్సరంలో అంత వరద రావడానికి నూటికి ఒక వంతు అవకాశం ఉందని. అంతే. ఈ ఏడాది వచ్చినా వచ్చే ఏడాది అవకాశం మళ్లీ నూటికి ఒకటే. తొంభై ఏళ్లుగా రాకపోయినా నూటికి ఒకటే. ఇది సంభావ్యత గురించిన మాట. దీన్ని పట్టుకొచ్చి కాలం గురించిన మాటలా చెప్పడంతోనే చిక్కంతా మొదలవుతుంది.

గోదావరి ఒడ్డున పుట్టినవాళ్లకి ఈ పొరపాటు ఇంకా సులువు, ఎందుకంటే మాకు పుష్కరాలున్నాయి. బృహస్పతి సింహరాశిలోకి రావడం, పన్నెండేళ్లకొకసారి నదికి జనం రావడం. 2003లో వచ్చాయి, 2015లో వచ్చాయి, మళ్లీ 2027లో వస్తాయి. మధ్యలో ఎవరెంత మొక్కినా రావు. ధర్మపురిలో, మంథనిలో, కాళేశ్వరంలో ఘాట్లు కట్టేవాళ్లకి ఏ ఏడాదికి సిద్ధం కావాలో ముందే తెలుసు. మా మనసులో నదికి ఒక క్యాలెండర్ ఉంది. అందులోనే ఎక్కడో వందేళ్ల వరదకి కూడా ఒక తేదీ రాసుకుని, అది అయిపోగానే కొట్టేసుకున్నాం. కానీ పుష్కరాన్ని నడిపించేది ఒక గ్రహం. వరదని నడిపించేది పచ్చీసు గవ్వలకి దగ్గరి చుట్టం. నాయినమ్మ పచ్చీసు ఆడుతూ, చాలాసేపు పందెం పడకపోతే “ఇగ పడాలె, ఎటు వోతది” అని గవ్వలని గట్టిగా ఊదేది. గవ్వలకి ఆ సంగతి తెలియదు పాపం.

సరే, లెక్క వేస్తే ఏమొస్తుంది? వందేళ్లలో కనీసం ఒక్కసారైనా వందేళ్ల వరద వచ్చే అవకాశం నూటికి నూరు కాదు, సుమారు 63. అంటే మూడో వంతుకి పైగా శతాబ్దాలు అది రాకుండానే గడిచిపోవచ్చు. ఇంకో శతాబ్దంలో రెండుసార్లు రావచ్చు, మూడుసార్లూ రావచ్చు. డెబ్భై ఏళ్లు బతికే మనిషికి దాన్ని చూసే అవకాశం యాభైకి కొంచెం పైన, బొమ్మా బొరుసూ అన్నమాట. ‘మన జన్మల రాదు’ అనడానికి ఎంత ఆధారం ఉందో, ‘వస్తది’ అనడానికీ అంతే.

ఇక్కడిదాకా పుస్తకాల్లో దొరుకుతుంది. నన్ను నిజంగా కలవరపెట్టేది దీని వెనకున్న ఇంకో చిక్కు. చదువుకునే రోజుల్లో తమాషాగా అనిపించేది, ఇప్పుడు అనిపించడం లేదు.

కరీంనగర్ బస్టాండులో మీరు మంథని బస్సు కోసం నిలబడ్డారనుకోండి. సగటున అరగంటకో బస్సు. సరిగ్గా అరగంటకి ఒకటి చొప్పున వస్తే, మీరు ఎప్పుడు వెళ్లినా సగటున పావుగంట ఆగితే చాలు. కానీ బస్సులు వాటి ఇష్టం వచ్చినట్టు, ఒక్కోసారి రెండు వెంటవెంటనే, ఒక్కోసారి గంటన్నరకి ఒకటి వస్తున్నాయనుకోండి. సగటు మాత్రం అదే, అరగంట. ఇప్పుడు మీరు ఎంతసేపు ఆగాలి? పావుగంట అనే అనిపిస్తుంది. కానీ పూర్తిగా చెల్లాచెదురుగా వచ్చే బస్సులకి జవాబు అరగంట. మీకు ముందు పోయిన బస్సుకీ, మీ తర్వాత వచ్చే బస్సుకీ మధ్య ఎడం సగటున గంట! సగటు అరగంట అంటూనే మీకు గంట ఎడం దక్కడం ఏమిటి? డిపో మేనేజరు అబద్ధం చెప్పలేదు, మీ అనుభవమూ అబద్ధం కాదు. పొడుగు ఎడాలు ఎక్కువ కాలాన్ని ఆక్రమిస్తాయి కాబట్టి, ఏదో ఒక క్షణంలో బస్టాండులోకి అడుగుపెట్టే మనిషి పొట్టి ఎడంలో కన్నా పొడుగు ఎడంలోనే ఎక్కువగా పడతాడు. అంతే రహస్యం. లెక్క తెలిశాక కూడా నమ్మబుద్ధి కాదు, అది వేరే సంగతి.

ఇప్పుడు బస్సు తీసేసి వరద పెట్టండి. బస్టాండు తీసేసి ఒక పుట్టుక పెట్టండి.

మాకు దిగువన భద్రాచలంలో గోదావరి మట్టం అందరికీ తెలిసిన కొలత. 43 అడుగులకి మొదటి హెచ్చరిక, 53కి మూడోది. 1953 నుంచి చూస్తే అక్కడ నీళ్లు 70 అడుగులు దాటింది నాలుగేళ్లలో: 1953, 1986, 1990, 2022. వీటిలో పెద్దది 1986 ఆగస్టుది, 75.6 అడుగులు. 2022 జూలైలో వచ్చింది 71.3. మధ్య ఎడాలు చూడండి: 33 ఏళ్లు, 4 ఏళ్లు, 32 ఏళ్లు. సగటు 23. కానీ ఈ 69 ఏళ్లలో ఏదో ఒక రోజున పుట్టిన మనిషిని తీసుకుంటే, 65 వంతులు ఆ మనిషి ఏదో ఒక పొడుగు ఎడంలోనే పుట్టి ఉంటాడు. నాలుగేళ్ల ఎడంలో పుట్టడానికి నాలుగే వంతులు. నాలుగు అంకెలతో సిద్ధాంతాలు చేయకూడదని నాకూ తెలుసు, బొమ్మ కనపడటానికి చెబుతున్నాను.

దీనర్థం ఏమిటంటే, మనలో చాలామంది పొడుగు ఎడాలకే సాక్షులం. నేను 1991లో పుట్టాను. ముప్ఫై ఒక్కేళ్లు నది అంటే నాకు ఎండాకాలం ఇసుక, వానాకాలం ఎర్రనీళ్లు, ఒడ్డున దీపాలు. పెద్దవాళ్లు 86 గురించి చెప్తే కథలాగే విన్నాను. నాతోపాటు పుట్టిన లక్షలమంది అనుభవం అదే చెబుతుంది. ‘మా ఎరుకల రాలే.’ అందరూ నిజమే చెబుతారు. ఎంతమందిని అడిగితే అంత గట్టిగా ఆ సాక్ష్యం బలపడుతుంది, అంత గట్టిగా తప్పుదారి పట్టిస్తుంది. ఊరు నది వైపు జరుగుతుంది. చెరువు శిఖం ప్లాట్లవుతుంది. వాగు పక్కన రిజిస్ట్రేషన్లు అవుతాయి. పొట్టి ఎడంలో పడిన కొద్దిమంది ముసలివాళ్లు మాత్రం నోరు తెరిస్తే చాదస్తం.

కడెం వాళ్ల సంగతి తలుచుకున్నప్పుడల్లా నాకు ఈ పొట్టి ఎడమే గుర్తొస్తుంది. పాత ఆదిలాబాద్ జిల్లాలో కడెం వాగు మీద కట్టిన ప్రాజెక్టు అది. పని మొదలైన పదేళ్ల లోపే, 1958 వరదకి గండి పడింది. తర్వాత మళ్లీ కట్టి గేట్లు పెంచారు. ఇప్పుడు 18 గేట్లు. అన్నీ ఎత్తితే సుమారు 3 లక్షల క్యూసెక్కులు వదలొచ్చు. 2022 జూలైలో వచ్చింది 5 లక్షలు దాటింది. ఒక గేటు తెరుచుకోలేదు. నీళ్లు కట్ట మీదికి ఎక్కుతున్నాయి, దిగువ ఊళ్లని రాత్రికి రాత్రి ఖాళీ చేయించారు, ఇంజనీర్లు కూడా ఒక దశలో అక్కణ్ణుంచి తప్పుకోవాల్సి వచ్చింది. ఆనకట్ట నిలబడింది. ఎలా నిలబడిందంటే ఎవరి జవాబు వాళ్లకుంది. బాపు లెక్క ప్రకారమైతే ఇక వాళ్లు వందేళ్లు నిశ్చింతగా ఉండొచ్చు కదా. సరిగ్గా ఏడాదికి, 2023 జూలైలో, మళ్లీ పెద్ద వరద, మళ్లీ తెరుచుకోని గేట్లు, మళ్లీ ఖాళీ చేసిన ఊళ్లు.

కడెంకి గండి పడిన 1958లోనే, ఎక్కడో న్యూయార్కులో ఒక పుస్తకం అచ్చయింది. ‘స్టాటిస్టిక్స్ ఆఫ్ ఎక్స్‌ట్రీమ్స్’. రాసింది ఎమిల్ గుంబెల్. వరదల పునరావృత్తి కాలాన్ని ఎలా లెక్కకట్టాలో 1941లోనే వివరంగా రాసిన మనిషి. ప్రపంచంలో వంతెనలు, ఆనకట్టలు కట్టేవాళ్లు ఇప్పటికీ వాడే సూత్రాల్లో ఒకదానికి ఆయన పేరే ఉంది. నేను ఉద్యోగంలో రోజూ ఆ పేరు టైపు చేస్తాను. చాలా ఏళ్లదాకా అదొక సూత్రం పేరే అనుకున్నాను, వెనక మనిషున్నాడని తోచలేదు.

గుంబెల్ జర్మన్. మొదటి ప్రపంచయుద్ధం తర్వాత వాళ్ల దేశంలో వరసగా రాజకీయ హత్యలు జరుగుతుంటే, ఆయన కూర్చుని వాటిని లెక్కపెట్టాడు. 1922లో పుస్తకం వేశాడు. నాలుగేళ్లలో మితవాదులు చేసినవి 354, వామపక్షం వాళ్లు చేసినవి 22. ఎవరెవరికి ఏ శిక్ష పడిందో కూడా పక్కనే రాశాడు. ఆ 354లో చాలా భాగానికి శిక్షే లేదు. ఒక్కో హత్యనీ విడిగా చూస్తే ఏదో ఒక సంజాయిషీ ఉంటుంది. పక్కపక్కన పేర్చి లెక్కపెడితే సంజాయిషీ నిలవదు. హైడెల్‌బర్గ్ విశ్వవిద్యాలయం 1932లో ఆయన్ని ఉద్యోగంలోంచి తీసేసింది. నాజీలు పౌరసత్వం లాగేసుకున్నారు. ఫ్రాన్సు, అక్కణ్ణుంచి అమెరికా. హత్యలు లెక్కపెట్టిన చేత్తోనే వరదలు లెక్కపెట్టాడు.

ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, అరుదైనదాన్ని లెక్కలోకి తేవడానికి ఒక మనిషి చేసిన పని, మా చేతుల్లోకి వచ్చేసరికి దాన్ని లెక్కలోంచి తీసేసే పనిముట్టయిపోయింది. ఎక్కడ కట్ట తెగినా, ఎక్కడ మోటార్లు మునిగినా మొదట వినపడే మాట ‘కనీవినీ ఎరుగని వరద’. కనలేదు నిజమే, పొడుగు ఎడంలో పుట్టాం. వినలేదంటే మాత్రం నేను ఒప్పుకోను. 2016 సెప్టెంబర్‌లో కడుతూ కడుతూ ఉండగానే మధ్య మానేరు కట్టకి గండి పడింది. పేపర్లన్నింటిలో వచ్చింది. వినకపోవడం సంభావ్యత తప్పు కాదు.

అయితే నా వృత్తి గొప్పదనీ, బాపు అమాయకుడనీ చెప్పి తప్పుకోలేను. ఆ ‘నూటికి ఒకటి’ ఏ లోకంలోదో చూస్తే నా కాళ్ల కింద కూడా నేల కదులుతుంది. అది ఒక ఊహాలోకంలోని అంకె. ఆ లోకంలో ఒకటే నది వేల ఏళ్లు అదే వానతో, అదే అడవితో, అదే ఇసుకతో పారుతూ ఉంటుంది. పైన ఎవరూ కొత్తగా కట్టలు కట్టరు, గనులు తవ్వరు, చెరువులు పూడ్చరు, సముద్రం వేడెక్కదు. ఆ లోకంలో కూర్చుని లెక్కపెడితే వేయి ఏళ్లలో పదిసార్లు వస్తుందని చెప్పొచ్చు. మన దగ్గరున్నదేమో యాభై అరవై ఏళ్ల రికార్డు, అది కూడా మారిపోతున్న నదిది. దాన్ని సాగదీసి వందేళ్ల గురించీ, వెయ్యేళ్ల గురించీ మాట్లాడతాం. అసలు మా వీధికి వందేళ్ల మట్టమేదో ఎవరూ కట్టి చూడలేదు. బాపు టీవీలో విన్న వంద, నా కంప్యూటర్‌లో వచ్చే వంద, రెండూ ఎక్కడో లేని నదివే. ఆయనకి ఆ సంగతి తెలియదు, నాకు తెలుసు. తేడా అదొక్కటే.

మా మాటలో కాలం అంటే వట్టి టైమ్ కాదు. ‘ఈయేడు కాలం మంచిగయ్యింది’ అంటే వానలు బాగా పడ్డాయని. ‘కాలం కాలేదు’ అంటే కరువని. పెద్దాయన ‘కాలం చేసిండు’ అంటే పోయాడని. కాళేశ్వరం గుడిలో ఒకే పానవట్టం మీద రెండు లింగాలుంటాయి, కాలుడిది ఒకటి, ముక్తేశ్వరుడిది ఒకటి. ముందు కాలుడికి చేశాకే శివుడికి పూజ. చిన్నప్పుడు అడిగితే నాయినమ్మ, యముడికి కోపమొస్తదని చెప్పింది. రోజూ, వానా, చావూ ఒకే మాటలో పెట్టుకున్న మనుషులం, ఒక అంకె వినగానే ఆ మూడింటినీ మళ్లీ విడదీసుకుని ఎందుకింత ధీమాగా ఉంటామో నాకు అర్థం కాదు.

దసరా అయ్యాక ఫోన్లో బాపుతో గొడవపడ్డాను. లెక్కంతా చెప్పాను, బస్సులతో సహా. ఓపికగా విన్నాడు. తర్వాత అడిగాడు: “నీ లెక్కల కూడా ఏడాదికి వందల తొంబైతొమ్మిది పాళ్లు రాదనే గద?”

“అవును.”

“నేను రాదనే చెప్పిన. ఏం తప్పు చెప్పిన?”

నా దగ్గర వెంటనే జవాబు లేదు. ఆయనే అన్నాడు: “మేం కొన్ననాడు మాకెవలన్న చెప్పిన్రా? ఎనభై ఆరుల మన గల్లీల నీళ్లున్నయో లేవో అమ్మినోడు చెప్పిండా? వానికి మాత్రం ఏం ఎరుక. అందరిట్లనే కొంటరు, అందరిట్లనే అమ్ముతరు.” కాసేపాగి, “గా పైసలతోనే గద మేం నీ దగ్గరికి వచ్చేది” అన్నాడు.

అది నిజం. ఆ డబ్బు లేకపోతే వాళ్లు నా ఇంట్లో అతిథుల్లా ఉండాలి. బాపుకి అది చావుతో సమానం. నీళ్లలో ఒక్కసారి మునిగి లేచిన మనుషుల్ని అక్కణ్ణుంచి బయటికి తేవాలంటే, ఇంకొకరిని అందులోకి దింపాలి. వాళ్లు కూడా ఎప్పుడో ఇంకొకరిని దింపుతారు. వరద ఇంట్లోంచి పోయింది కానీ ఇల్లు చేతులు మారినప్పుడల్లా ఆ ప్రమాదం కూడా మారుతూ ఉంటుంది. దాని మీద స్టాంపు డ్యూటీ ఉండదు.

బయానా అయిపోయింది. రిజిస్ట్రేషన్ సంక్రాంతి తర్వాత. పోయిన ఆదివారం సామాన్లు సర్దడానికి వెళ్లాను. అర్రలో బీరువా జరిపితే వెనక గోడకి పాత సున్నమే ఉంది. పెయింట్ వేసినవాళ్లు బరువని జరపకుండా చుట్టూ వేసి వదిలేశారు. గీత అలాగే ఉంది. దసరా రోజు నేను ఆనుకుని నిలబడింది ఈ బీరువాకే.

ఫోటో తీసి అతనికి పంపాను. పది నిమిషాలకి ఫోన్ చేశాడు.

“ఇదెక్కడిది అన్నా?”

“మీరు చూసిన ఇల్లే. అర్రలో.”

“ఎంత ఎత్తుంది?”

“నా నడుము దాకా.”

కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత “మళ్ల ఎప్పుడొస్తది?” అన్నాడు. ఎప్పుడో ఎవరూ చెప్పలేరని అన్నాను. మీ హోంలోను ఎన్నేళ్లకి తీసుకుంటున్నారని అడిగాను. ఇరవై అన్నాడు. అది నిజంగా వందేళ్ల వరదే అయితే, లోను తీరేలోపు ఇంకొకసారి వచ్చే అవకాశం నూటికి పద్దెనిమిది అని చెప్పాను. అంతకన్నా ఎక్కువే ఉండొచ్చు, ఆ సంగతి నాకు తెలియదని కూడా చెప్పాను.

“పద్దెనిమిది” అని మెల్లగా అనుకున్నాడు. వెనక ఆమె ఏదో అడుగుతోంది. ఫోను పక్కకి పెట్టి ఇద్దరూ మాట్లాడుకున్నారు. నాకు వినపడలేదు. మళ్లీ వచ్చి అన్నాడు:

“అన్నా, మీరు చెప్పిన్రని అంకుల్‌కి చెప్పకున్రి. రేటు సంగతి నేనే మాట్లాడుకుంట.”